మిగిలిందే మందు: క్లోరిన్ సంగతులు

(ట్యాంకు ఆపరేటర్లు, పంచాయతీ కార్యదర్శులు, సైన్సు టీచర్లు కలిసి హాజరైన అవగాహన సదస్సులో చేసిన ప్రసంగానికి అక్షరరూపం)

అందరికీ నమస్కారమండీ. ముందు పని మొదలుపెట్టేస్తాను, మాటలు ఆ తర్వాత. ఎందుకంటే ఈ పనికి అరగంట పడుతుంది.

బల్ల మీద ఉన్నది హారాక్స్ పెట్టె, ఏ నీళ్లకు ఎంత బ్లీచింగ్ పౌడర్ కావాలో తేల్చేది. ఒక నల్ల కప్పు, ఆరు తెల్ల కప్పులు, 2 గ్రాములు పట్టే చెంచా, గాజు పుల్లలు, చుక్కలు వేసే గొట్టం, ఒక చిన్న సీసాలో గంజి కలిపిన అయొడైడ్ ద్రావణం. ఇవాళ రెండు పెట్టెలు తెచ్చాం. ఒక వరుసలో బోరు నీళ్లు, రెండో వరుసలో చెరువు నీళ్లు. అంచుకు ఒక సెంటీమీటరు కిందికి పోశాం.

నల్ల కప్పులో ఒక చెంచా బ్లీచింగ్ పౌడర్ వేస్తున్నాను. చెంచా మీద గుట్టగా ఉండకూడదు, సమంగా గీసేయాలి. ముందు కొద్దిగా నీళ్లతో పేస్టులా నూరాలి, ఉండలు లేకుండా. ఆ తర్వాత కప్పులోని గీత దాకా నీళ్లు పోసి బాగా కలిపి వదిలేయాలి. సున్నం అడుగుకు దిగుతుంది, పైన తేట నిలుస్తుంది. ఆ తేటలోంచి మొదటి తెల్ల కప్పులో 1 చుక్క, రెండోదానిలో 2, అలా ఆరోదానిలో 6 చుక్కలు. ఒక్కో కప్పుకి ఒక్కో పుల్ల. ఒకే పుల్లతో అన్నీ తిప్పితే లెక్క పాడవుతుంది. రెండు వరుసలకీ అదే పౌడర్, అవే చుక్కలు. ఇక అరగంట వదిలేద్దాం.

ఈలోగా క్లోరిన్ గురించి.

పరమాణు సంఖ్య 17. చివరి కక్ష్యలో ఏడు ఎలక్ట్రాన్లు. ఎనిమిదోది కావాలి. క్లోరిన్ చేసే మంచీ చెడూ రెండూ ఆ ఒక్క ఎలక్ట్రాను ఆకలిలోంచే వస్తాయి. ఇవాళ నేను చెప్పే ప్రతి సంగతీ, పౌడర్ డబ్బాలో ఎందుకు చచ్చిపోతుందో, మురుగునీళ్లలో ఎందుకు పనిచేయదో, సిలిండర్ లీకైతే మనిషి ఊపిరితిత్తులు ఎందుకు దెబ్బతింటాయో, అన్నీ అక్కడికే వస్తాయి. ఎదుట ఏది దొరికితే దాని దగ్గర ఎలక్ట్రాను లాక్కుంటుంది. ఇది క్రిమి, ఇది బురద అని ఎంచదు.

స్వీడన్‌లో కార్ల్ షీలే అనే ఔషధాల తయారీదారు 1774లో దీన్ని మొదటిసారి వివరంగా రాసిపెట్టాడు. పైరోలూసైట్ అనే మాంగనీసు ఖనిజాన్ని హైడ్రోక్లోరిక్ ఆమ్లంతో వేడి చేశాడు. మన విజయనగరం జిల్లా గరివిడి, చీపురుపల్లి వైపు తవ్వే మాంగనీసు రాయి ఉంది కదా, ఆ జాతిదే. ఆకుపచ్చ కలిసిన పసుపు రంగు వాయువు వచ్చింది. ఊపిరి ఆడనివ్వలేదు, పూల రంగునీ ఆకుల రంగునీ పోగొట్టింది, లోహాలను తినేసింది. లక్షణాలన్నీ సరిగ్గానే పట్టుకున్నాడు. కానీ అది మూలకం అనుకోలేదు. ఆ తర్వాత ఫ్రాన్స్ రసాయన శాస్త్రవేత్త లవోయిజర్ వర్గం, ఆమ్లం అంటే అందులో ఆక్సిజన్ ఉండి తీరాలి అని పట్టుబట్టింది కాబట్టి, ఆమ్లం నుంచి వచ్చిన ఈ వాయువులోనూ ఆక్సిజన్ దాగుందనే అందరూ నమ్మారు.

ఆ ఆక్సిజన్‌ను బయటికి లాగడానికి చాలామంది ప్రయత్నించారు. లండన్‌లో హంఫ్రీ డేవీ అనే రసాయన శాస్త్రవేత్త బ్యాటరీ పెట్టి బొగ్గును తెల్లగా మండేంత వేడి చేసి ఈ వాయువులో ఉంచాడు. ఆక్సిజన్ ఉంటే బొగ్గుతో కలిసి కార్బన్ ఆక్సైడ్ రావాలి. రాలేదు. లేనిదాన్ని ఎవరు మాత్రం తీయగలరు? 1810లో ఇది మూలకమేనని ప్రకటించాడు, పేరూ ఆయనే పెట్టాడు. టీచర్లకు ఒక మాట: 1774 అని ఒక్క సంవత్సరం బట్టీ పెట్టించే బదులు, ఈ 36 ఏళ్ల గొడవ పిల్లలకు చెప్పండి. ఒక తప్పుడు సిద్ధాంతం కళ్లెదుట ఉన్న మూలకాన్ని ఎలా కప్పేసిందో తెలుస్తుంది.

మన చేతిలో ఉన్న పౌడర్ కథ వేరే. వాయువును జాడీల్లో మోసుకుపోలేరు కదా. గ్లాస్గోలో చార్లెస్ టెనెంట్ 1799లో పొడి సున్నానికి క్లోరిన్‌ను పట్టించి, సంచుల్లో అమ్ముకోగలిగే పొడి చేశాడు. అది బట్టల మిల్లుల కోసం. నీళ్ల ఆలోచన అప్పటికి ఎవరికీ లేదు. 1847లో వియన్నా ఆసుపత్రిలో సెమ్మెల్‌వైస్ అనే వైద్యుడు తోటి డాక్టర్ల చేతులు ఈ క్లోరిన్ సున్నపు నీళ్లతో కడిగించినప్పుడు, బాలింతల మరణాలు నూటికి 18 ఉన్న వార్డులో ఒకటి రెండుకు దిగాయి. అయినా ఆయన మాట అప్పట్లో పెద్దగా చెల్లలేదు. ఊరి మొత్తానికి రోజూ సరఫరా అయ్యే నీళ్లలో క్రమం తప్పకుండా కలపడం యూరప్‌లో మొదలై, అమెరికాకు చేరింది. జాన్ లీల్ అనే డాక్టర్ జెర్సీ సిటీకి వెళ్లే నీళ్లలో 1908 సెప్టెంబర్ 26న మొదలుపెట్టాడు. సరిగ్గా రెండు రోజులకు, సెప్టెంబర్ 28న, హైదరాబాద్‌ను మూసీ వరద ముంచింది. ఈ రెండింటికీ సంబంధమేమీ లేదు. కానీ ఆ వరద తర్వాత కట్టిన ఉస్మాన్ సాగర్, హిమాయత్ సాగర్ నుంచి నగరం నీళ్లు తాగింది కాబట్టి నీళ్ల చరిత్ర చెప్పేవాళ్లకు ఆ సంవత్సరం గుర్తుండిపోతుంది.

మిగతా ఉపయోగాలు త్వరగా చెప్పేస్తాను. ఉప్పునీళ్లలోకి కరెంటు పంపితే క్లోరిన్, కాస్టిక్ సోడా, హైడ్రోజన్ మూడూ వస్తాయి. ఒక టన్ను క్లోరిన్‌కు సుమారు 1.1 టన్నుల కాస్టిక్ వస్తుంది, ఒకటి కావాలంటే రెండోదీ తీసుకోవాల్సిందే. ప్రపంచంలో తయారయ్యే క్లోరిన్‌లో అన్నిటికంటే పెద్ద వాటా పీవీసీకి పోతుంది. మీరు బోరులో దించే కేసింగ్ పైపు తయారైన పీవీసీ బరువులో దాదాపు 57 శాతం క్లోరినే. మందుల తయారీలోనూ చాలా వాడతారు. తాగే నీళ్లకు పోయేది చిన్న వాటా. చిన్న వాటాయే గానీ, ఎక్కువ ప్రాణాలు నిలబెట్టింది మాత్రం అదే.

ఇప్పుడు నీళ్లలో ఏం జరుగుతుందో చూద్దాం. పౌడర్ తేట నీళ్లలో కలిపితే హైపోక్లోరస్ ఆమ్లం తయారవుతుంది. ఇదే అసలు మందు. దీనికి విద్యుదావేశం లేదు కాబట్టి క్రిమి గోడ దాటి లోపలికి దూరుతుంది. పీహెచ్, అంటే నీళ్ల ఆమ్ల-క్షార గుణం చెప్పే అంకె, పెరిగేకొద్దీ ఇది విడిపోయి హైపోక్లోరైట్ అయాన్‌గా మారుతుంది. దానికి రుణావేశం ఉంటుంది, క్రిమి ఉపరితలానికీ రుణావేశమే, కాబట్టి దగ్గరికి రానీయదు. పీహెచ్ 6.5 దగ్గర నూటికి 90 పాళ్లు మంచి రూపంలో ఉంటుంది. 7.5 దగ్గర సగం సగం. 8.5 దగ్గర పదో వంతే మిగులుతుంది. మన బోరు నీళ్లు చాలాచోట్ల 7.5 పైనే ఉంటాయి. అందుకే అరగంట ఆగండి, గంట ఆగండి అని మీ వెంటపడేది. ట్యాంకులో పౌడర్ నీళ్లు పోసి పక్క నిమిషంలోనే వాల్వు తిప్పితే మొదటి వీధివాళ్లు తాగేది క్లోరిన్ వాసన, క్రిములు, రెండూ.

సరే, అరగంట అయింది. ఒక్కో కప్పులో గంజి-అయొడైడ్ మూడు చుక్కలు వేస్తున్నాను.

బోరు వరుస చూడండి, మొదటి కప్పే నీలం అయింది. చెరువు వరుస... మొదటిది తెల్లగానే ఉంది, రెండోదీ, మూడోదీ. నాలుగోది నీలం. వెనకవాళ్లు ముందుకొచ్చి చూడొచ్చు.

ఈ నీలం రంగు ఎక్కడిది? క్లోరిన్ మిగిలి ఉంటే అయొడైడ్ దగ్గర ఎలక్ట్రాను లాక్కుని దాన్ని అయొడిన్ చేస్తుంది. అయొడిన్ గంజితో కలిస్తే నీలం. రెండూ ఒకే కుటుంబపు అలోహాలు, కానీ క్లోరిన్‌ది పైచేయి. కాబట్టి నీలం వచ్చిన కప్పులో క్లోరిన్ మిగిలింది. రాని కప్పుల్లో? వేసిన మాట నిజమే, మీరంతా చూశారు. మూడో కప్పులో మూడు చుక్కలు పడ్డాయి. అవన్నీ నాచు, బురద, కుళ్లిన ఆకులు, అమ్మోనియా, ఇనుము తినేశాయి. క్రిముల దాకా ఏమీ మిగల్లేదని భయపడాలి. ఎంత వేశామన్నది రిజిస్టరులో రాసుకోవడానికి పనికొస్తుంది. కాపాడేది మిగిలినదే.

లెక్క ఇలా. పెట్టెలో కప్పుల కొలతలు దీనికే కుదిర్చినవి: ఎన్నో కప్పు మొదట నీలం అయితే, 455 లీటర్లకు అన్ని చెంచాలు. మొదటి కప్పు అంటే 2 గ్రాములు. మన 60,000 లీటర్ల ఓవర్‌హెడ్ ట్యాంకుకి సుమారు 265 గ్రాములు. నాలుగో కప్పు అంటే 8 గ్రాములు, అదే ట్యాంకుకి కిలో దాటుతుంది. అంత పౌడర్ అడిగే నీళ్లకు పౌడర్ పెంచడం నా దృష్టిలో తప్పు. ముందు పటికతో తేర్చి, వడపోసి, అప్పుడు మళ్లీ ఈ పరీక్ష చేయండి. మట్టి రేణువు లోపల నక్కిన క్రిమికి క్లోరిన్ తగలదు. పైగా ఆకుల రసంతో క్లోరిన్ కలిస్తే క్లోరోఫాం లాంటి పదార్థాలు తయారవుతాయని 1974లో నెదర్లాండ్స్‌లో యోహానెస్ రూక్ చూపించాడు. అందుకని నీళ్లు తేటగా అయ్యాకే క్లోరిన్. పటిక, పౌడర్ ఒకే బక్కెట్లో కలపకండి. పటిక ఆమ్ల గుణం వల్ల క్లోరిన్ వాయువుగా లేచి మీ ముఖానికే కొడుతుంది.

బావులకు వెయ్యి లీటర్లకు 2.5 గ్రాములు అని ఒక మాట ప్రచారంలో ఉంది. అది తేట నీటికి, తాజా పౌడర్‌కి చెప్పిన కనీసపు మాట. 4 మీటర్ల వ్యాసం, 5 మీటర్ల నీళ్లు ఉన్న బావి అనుకోండి. వ్యాసాన్ని వ్యాసంతో గుణించి, లోతుతో గుణించి, 3.14తో గుణించి, 4తో భాగిస్తే 62.8 ఘనపు మీటర్లు, అంటే 62,800 లీటర్లు. దాదాపు 157 గ్రాములు. ఒక బక్కెట్లో 100 గ్రాములకు మించి కలపొద్దు, కాబట్టి రెండు బక్కెట్లు. పేస్టు చేసి, ముప్పావు బక్కెట్ నీళ్లు పోసి కలిపి, పది నిమిషాలు తేరనిచ్చి, తేట మాత్రం ఇంకో బక్కెట్లోకి వంచండి. మడ్డిని బావిలో పోయకండి, అది సున్నం, నీళ్లు ఇంకా గట్టిబడతాయి. తేట బక్కెట్‌ను తాడుతో నీళ్లలోకి దించి పైకీ కిందికీ ఆడించాలి. ఒడ్డున నిలబడి గుమ్మరిస్తే పై అడుగు నీళ్లకే మందు. గంట తర్వాత పరీక్షిస్తే లీటరుకు 0.5 మిల్లీగ్రాములు మిగలాలి.

ట్యాంకు ఎక్కి పొడి పొడిగానే చల్లేసి దిగిపోయేవాళ్లు ఇక్కడ ఉన్నారేమో, నేనడగను. (నవ్వులు) పొడి ఉండలు కట్టి అడుగున కూర్చుంటుంది. ఒక రోజు కుళాయిలో ఘాటు, ఇంకో రోజు సున్నా. ట్యాంకు మూడో వంతు నిండినప్పుడు తేట పోస్తే, మిగతా నీళ్లు పడుతుంటే దానంతటదే కలుస్తుంది.

పౌడర్ సంగతి. తాజా పౌడర్‌లో అందుబాటు క్లోరిన్, అంటే పనికి వచ్చే క్లోరిన్, 33 శాతం ఉంటుంది. గాలిలోని తేమ, బొగ్గుపులుసు వాయువు తగిలితే క్లోరిన్ వదిలేసి ఉత్త సుద్దగా మారుతుంది. గడ్డకట్టిందంటే, తడిగా జిగటగా ఉందంటే, తెరవగానే ఘాటు లేకపోతే అనుమానించండి. 60,000 లీటర్లకు లీటరుకు 2 మిల్లీగ్రాముల మోతాదు కావాలంటే 120 గ్రాముల క్లోరిన్ కావాలి. 33 శాతం పౌడర్ అయితే 364 గ్రాములు. 20 శాతానికి పడిపోయిన పౌడర్ అయితే 600 గ్రాములు. కొలత గిన్నె మారలేదు, గిన్నెలోది మారింది. సంచిని పంపు గదిలో నేల మీద పెట్టకండి. మూత బిగించే ప్లాస్టిక్ డ్రమ్ములో, చీకటిగా, చల్లగా ఉన్నచోట పెట్టండి. మోటారు స్టార్టర్ ఉన్న గదిలో అసలే వద్దు, కాంటాక్టులు, వైర్లు తుప్పు పట్టిపోతాయి. ద్రవ రూపంలో వచ్చే సోడియం హైపోక్లోరైట్‌కి ఎండాకాలం ఇంకా పెద్ద శత్రువు, ఒకేసారి నెలల సరుకు తెప్పించుకోకండి.

పరీక్ష ఎక్కడ చేయాలి? ట్యాంకు కింద కుళాయి దగ్గర చేసి రాసేయడం అలవాటు. చివరి వీధి చివరి కుళాయి దగ్గర చేయండి. అక్కడ లీటరుకు 0.2 మిల్లీగ్రాములు ఉండాలి. మొదటి కుళాయిలో బాగా ఉండి, నిన్నటిదాకా చివర్లోనూ ఉండి, ఇవాళ చివర్లో సున్నా వచ్చిందా? పౌడర్ పెంచే ముందు పైపు వెంట నడవండి. మధ్యలో ఎక్కడో మురుగు కలుస్తోంది. గంటో రెండు గంటలో మాత్రమే నీళ్లు వదిలే లైన్లలో, ఆపగానే పైపులో ఒత్తిడి పడిపోతుంది. పైగా కుళాయికి మోటారు బిగించి లాగేవాళ్లుంటారు. పగిలిన చోట కాలువలో నీళ్లు లోపలికి వస్తాయి. వాంతులు విరేచనాలు మొదలవకముందే ఆ సంగతి మీకు చెప్పగలిగేది ఈ సున్నా ఒక్కటే.

రంగు చూసి క్లోరిన్ కొలిచే క్లోరోస్కోపులో ఆర్థోటోలిడిన్ అనే రసాయనం వాడుతుంటే, చుక్కలు వేసిన వెంటనే, పది సెకన్లలోపు వచ్చిన పసుపే చదవండి. అదే స్వేచ్ఛా క్లోరిన్, అంటే దేనితోనూ కలవకుండా మిగిలినది. తర్వాత ముదిరేది అమ్మోనియాతో కలిసిపోయిన క్లోరిన్, దానికి బలం తక్కువ. ఇనుము, నైట్రైట్ ఉన్న నీళ్లు కూడా ఉత్తినే పసుపు చూపిస్తాయి. ఆ మందు చేతికి అంటడం కూడా మంచిది కాదు. ఇదే పరీక్షకు వాడే డీపీడీ అనే రసాయనపు మాత్ర దొరికితే అదే వాడండి, గులాబీ రంగు వస్తుంది. దానిలోనూ ఒక మోసం ఉంది: క్లోరిన్ మరీ ఎక్కువైతే ఆ గులాబీ రంగునే అది తెల్లబరుస్తుంది. సూపర్ క్లోరినేషన్, అంటే మామూలుకంటే చాలా ఎక్కువ క్లోరిన్ వేయడం, చేసిన రోజున సున్నా వచ్చిందంటే, నీళ్లను పది రెట్లు మంచి నీళ్లతో పలుచన చేసి మళ్లీ చూడండి.

ఇక ప్రశ్నలు అడగండి.

ప్రశ్న: క్లోరిన్ వాసన ఎక్కువగా వస్తోందని జనం గొడవ చేస్తున్నారు సార్. తగ్గించమంటారా?

తగ్గించే ముందు కొలవండి. చాలాసార్లు ఆ ముక్కు పగిలే వాసన క్లోరిన్ చాలక వస్తుంది. నీళ్లలో అమ్మోనియా ఉంటే క్లోరిన్ దానితో కలిసి క్లోరమైన్లు అవుతాయి. వాసన వాటిది. ఇంకొంచెం క్లోరిన్ వేస్తే అవి విరిగిపోయి వాసన తగ్గుతుంది. అమ్మోనియా నైట్రోజన్ ఒక పాలుకి క్లోరిన్ దాదాపు 7.6 పాళ్లు దాటాక గానీ స్వేచ్ఛా క్లోరిన్ మిగలదు. అయితే అమ్మోనియా ఎందుకొచ్చిందో కూడా చూడాలి. మురుగో, పశువుల కొట్టమో దగ్గర్లో ఉండొచ్చు.

ప్రశ్న: వర్షాకాలంలో కాలువల పక్కన చల్లే బ్లీచింగ్ సంగతేంటి?

నన్నడిగితే అందులో చాలా భాగం దండగ. పొడి నేల మీద పడ్డ పౌడర్ దుమ్ముతో, చెత్తతో, గాలితోనే అయిపోతుంది. తెల్లటి గీత కనిపిస్తుంది కాబట్టి పని జరిగినట్టు ఉంటుంది. ఆ సంచిని ట్యాంకుకి దాచండి.

ప్రశ్న: మా ఊళ్లో అందరూ 20 లీటర్ల ఆర్‌వో క్యాన్లే తాగుతున్నారు. వాటికి కూడా కావాలా?

ఆర్‌వో ప్లాంటులో నీళ్లను వడకట్టే పొరను క్లోరిన్ పాడుచేస్తుంది కాబట్టి ముందే బొగ్గు ఫిల్టరుతో దాన్ని తీసేస్తారు. అంటే క్యాన్లోకి వచ్చేసరికి కాపాడేది ఏదీ ఉండదు. క్యాను కడగకపోయినా, గ్లాసు ముంచి తీసినా, క్రిములు మళ్లీ పెరుగుతాయి. క్యాన్లను తేట పౌడర్ నీళ్లతో కడిగించండి. మూత తీసిన క్యాన్‌కి పంపు గానీ కుళాయి గానీ పెట్టించండి.

ప్రశ్న: మా ఫిల్టర్ హౌసులో గ్యాస్ సిలిండర్లు ఉన్నాయి. లీకైతే?

క్లోరిన్ గాలికంటే రెండున్నర రెట్లు బరువు. మొదటి ప్రపంచ యుద్ధంలో 1915 ఏప్రిల్ 22న బెల్జియంలోని ఈప్ర దగ్గర జర్మన్ సైన్యం వదిలినప్పుడు అది కందకాల్లోకే దిగింది. మీ గదిలోనూ నేల మీదే పరుచుకుంటుంది. అందుకే ఎగ్జాస్ట్ ఫ్యాను నేలకు దగ్గరగా ఉండాలి. లీకైతే కూర్చోకండి, వంగకండి. గాలి వచ్చే వైపుకి, ఎత్తుకి వెళ్లండి. శ్వాస పరికరం లేకుండా లోపలికి పోవద్దు, తడిగుడ్డ కట్టుకుని వెళ్తానంటే కుదరదు. ఎక్కడ లీకో తెలుసుకోవడానికి పొడవాటి కర్రకి అమ్మోనియా ద్రావణంలో తడిపిన గుడ్డ కట్టి దగ్గరికి పెడితే తెల్లటి పొగ లేస్తుంది. లీకు మీద నీళ్లు మాత్రం కొట్టకండి. పొడి క్లోరిన్ ఉక్కును పెద్దగా ఏమీ చేయదు, తడి తగిలితే ఆమ్లమై ఆ రంధ్రాన్ని ఇంకా తినేస్తుంది. పైగా నీళ్ల వెచ్చదనానికి లోపలి ద్రవం ఇంకా వేగంగా ఆవిరవుతుంది. 900 కిలోల టన్నర్, అంటే పెద్ద సిలిండర్, అడ్డంగా పడుకుని ఉంటుంది. దాని రెండు వాల్వుల్లో పైది వాయువు ఇస్తుంది, కిందిది ద్రవం ఇస్తుంది. ఒక కిలో ద్రవం మూడు వందల లీటర్లకు పైగా వాయువు అవుతుంది. కాబట్టి కింది వాల్వు లీకైతే, శిక్షణ ఉన్నవాళ్లు పరికరాలు తొడుక్కుని చేసే మొదటి పని టన్నర్‌ను దొర్లించి ఆ వాల్వును పైకి తేవడం. అప్పుడు ద్రవానికి బదులు వాయువే కారుతుంది, లీకయ్యే మొత్తం చాలా తగ్గుతుంది. ఎమర్జెన్సీ కిట్, అమ్మోనియా సీసా గది బయట పెట్టించండి. లోపల పెడితే అవసరమైనప్పుడు వాటికోసం గ్యాసులోకి వెళ్లాల్సి వస్తుంది.